పది నెత్తిన చిన్న అంకె

చాంద్ పాషా ఏ అంకెనూ ఉన్నచోట ఉండనివ్వడు. మొదటి అంకె పక్కన చుక్క పెట్టి, వెనకాల పదిని నిలబెట్టి, ఆ పది నెత్తిన ఇంకో బుల్లి అంకెను కూర్చోబెడితే గాని అతనికి అన్నం సహించదు. వంద అనడు, "ఒకటి ఇంటూ పది పవర్ రెండు" అంటాడు. పన్నెండు వందలనడు, "ఒకటి పాయింట్ రెండు ఇంటూ పది పవర్ మూడు" అంటాడు. లక్ష దాకా వెళ్తే ఎదుటివాడికి ఓపిక ఉండాలి. హైస్కూలు లెక్కల పుస్తకంలో దీన్ని శాస్త్రీయ రూపం అంటారు. బూర్గంపాడు సెంటర్‌లో మాత్రం పాషా భాయ్ తిక్క అంటారు.

పాషా బోర్డులు రాసే పెయింటరు. ఫ్లెక్సీలు వచ్చాక చుట్టుపక్కల పెయింటర్లంతా కుంచెలు కడిగి అటక మీద పెట్టేసినా, ఇతని చేతి రాతకు గిరాకీ పోలేదు. ఫ్లెక్సీ రెండు ఎండలకు వెలిసిపోతుంది, పాషా రాసిన బోర్డు గోదావరి వరదలో మునిగి తేలినా అక్షరం చెదరదు. సెంటర్‌లో రేకుల షెడ్డు, దాని వెనకే ఇల్లు. భార్య బేగం అంగన్‌వాడీలో ఆయా. మధ్యాహ్నం అది మూసి వచ్చి షెడ్డులో కూర్చుని, వచ్చిపోయేవాళ్లతో మాట్లాడుతూ ఉంటుంది.

రోడ్డుకు అవతలి పక్క విత్తనాలు, ఎరువుల దుకాణం మురళీకృష్ణది. తాతగారు కృష్ణా జిల్లా నుంచి వచ్చి ఇక్కడ పొలాలు కొన్నారు. పాషా, మురళీకృష్ణ ఒకే బడిలో చదివారు. అప్పట్లో పాషాకు లెక్కలంటే ఎంత ఇష్టమో, గోడ దూకి పారిపోయే వేగాన్ని బట్టి తెలిసేది. అలాంటి మనిషికి నలభై దాటాక ఈ పిచ్చి ఎలా పట్టుకుందన్నది మురళీకృష్ణకు అంతుపట్టలేదు. నిరుటి వానాకాలం దాకా పాషా కూడా అందరిలా పదిని పది అనేవాడు. దసరా వెళ్లాక ఒక పొద్దున గోపాలు టీ కొట్టు దగ్గర మొదలైంది.

"చక్కెర ఎంతెయ్యాలె భాయ్?" అన్నాడు గోపాలు.

"ఐదు ఇంటూ పది పవర్ మైనస్ మూడు కిలోలు."

గోపాలు చెంచా గాల్లోనే ఆపాడు. "మైనస్ అంటే ఏంది? ఏసిన చక్కెర మల్ల తియ్యాల్నా?"

"నాకేం ఎరుక గోపాలూ. బేగాన్ని అడుగు."

గోపాలు షెడ్డు వైపు తిరిగి అరిచాడు. లోపలి నుంచి కాసేపటికి బేగం గొంతు వినిపించింది. "ఐదు గ్రాములు. ఒక్క చెంచ ఎయ్యి తమ్మీ."

అక్కడ నిలబడి టీ తాగుతున్న మురళీకృష్ణ నవ్వి ఊరుకున్నాడు. ఏదో సరదా అనుకున్నాడు. సరదా అయితే వారంలో పోవాలి. ఇది పోలేదు సరికదా, ముదిరింది.

చలికాలంలో పాషాకు జ్వరం వచ్చి దవాఖానాకు పోతే నర్సు థర్మామీటరు అతని చేతికే ఇచ్చి, ఎంతుందో చూసి చెప్పమంది. "ఒకటి పాయింట్ సున్నా రెండు" అని అతను ఊపిరి తీసుకునే లోపు ఆమె కాగితం మీద అంతే రాసుకుని తల పట్టుకుంది. "గంత చల్లగుంటే మనిషి గడ్డకట్టాలె. నువ్వెట్ల మాట్లాడుతున్నవు?" అంది. మిగతా సగం అతను చెప్పేలోగా దగ్గు అడ్డమొచ్చింది. చివరికి వెంట వచ్చిన బేగమే "నూట రెండమ్మా" అని చెప్పి మాత్రలు ఇప్పించుకుంది.

బావమరిది ఉబేద్ కొత్త ఇంట్లో దావత్ పెట్టినప్పుడు ఇంకా పెద్ద ప్రమాదం తప్పింది. ఎంతమందికి వండాలని వంటమనిషి అడిగాడు. "నాలుగు ఇంటూ పది" అని మొదలుపెట్టాడు పాషా. వంటమనిషి లెక్క తెలిసినవాడు, నాలుగు పదులు నలభై అని చక్కా లేచి వెళ్లిపోయాడు. పవర్ రెండు అన్న మాట పాషా గోడకు చెప్పుకోవాల్సి వచ్చింది. పొయ్యి మీద ఒకే ఒక్క డేగిషా ఎక్కడం చూసి బేగం పరిగెత్తుకెళ్లింది. "నాలుగొందల మంది వస్తరు భయ్యా. గీ బిర్యానీ మా తమ్ముని చుట్టాలల్ల పొడుగోళ్లకే సరిపోదు."

ఇవన్నీ ఇంటి గొడవలు. ఊరి గొడవ మంగీలాల్‌తో మొదలైంది. మంగీలాల్ అడవి అంచున ఉన్న మామిళ్లగుంపుకు సర్పంచ్. కలెక్టరు వస్తున్నారని ఊరి మొదట్లో పచ్చరంగు బోర్డు పెట్టించి, ఊరి పేరు, జనాభా రాయమని పాషాను పిలిపించాడు. మర్నాడు పొద్దున్నే బోర్డు చూసుకుని, బండెక్కి నేరుగా బూర్గంపాడు వచ్చాడు. పాషా కనిపించక మురళీకృష్ణ దుకాణంలో కూలబడ్డాడు.

"మా ఊర్ల ఎంతమంది ఉన్నరో నీకు ఎరుకేనా మురళన్నా?"

"పధ్నాలుగు వందలు ఉంటారేమో."

"కాదంట. ఒకటి పాయింట్ నాలుగు మందిమంట. ఆ ఒకటి నేననుకో. సర్పంచ్‌ను గద. ఆ పాయింట్ నాలుగు ఎవరని పొద్దుగాల్నుంచి ఊరంత కొట్లాట. మా పెద్దనాయిన నన్ను పిలిచి, నేను ముసలోన్ని అయినంత మాత్రాన సగం మనిషి గూడ కాకుంట పోయిన్నా అని ఏడుస్తుండు."

బేగం వచ్చి బోర్డు మీద ఉన్నదాన్ని విడమర్చి చెప్పింది. ఒకటి పాయింట్ నాలుగు ఇంటూ పది పవర్ మూడంటే పధ్నాలుగు వందలేనని, ఒక్క తల కూడా తగ్గలేదని. మంగీలాల్ తేలికపడి టీ తాగి వెళ్లాడు. కలెక్టరుకు కూడా అతనే విడమర్చి చెప్పాడని, ఆయన భుజం తట్టారని తర్వాత తెలిసింది. దాంతో మంగీలాల్‌కు ఆ బోర్డంటే గర్వం పట్టుకుంది. ఇప్పుడు దాన్ని మార్చమన్నా మార్చనివ్వడు.

పక్కవాడి బోర్డు చూసి నవ్విన మురళీకృష్ణ తన బోర్డు చూశాక నవ్వలేకపోయాడు. యాసంగి పంటలకు యూరియా వచ్చిందో లేదో రైతులు ఫోన్ చేసి కనుక్కుంటారని, దుకాణం మీద నంబరు పెద్దగా రాయమన్నాడు. పాషా రాశాడు. తొమ్మిది, దాని పక్కన చుక్క, చుక్క వెనక తొమ్మిది అంకెలు, ఇంటూ గుర్తు, పది, నెత్తిన ఇంకో తొమ్మిది. బోర్డు చాలక ఆ చివరి తొమ్మిది పక్కనున్న మంగలి షాపు గోడ మీదకు పోయింది.

వారం రోజులు ఫోన్ మోగలేదు. రైతులు ఉన్న అంకెలన్నీ నొక్కి, చివరి పదీ నొక్కి, తొమ్మిది కోసం మంగలి షాపు దాకా వెళ్లి అదీ నొక్కి, ఫోన్‌లో అమ్మాయి చెప్పే మాట విని తిట్టుకుంటూ పోతున్నారు.

"భాయ్, దేనికైనా హద్దుండాలి. ఫోన్ నంబరుకు పవర్ ఎందుకయ్యా?"

"ఎవరన్న ఫోన్ కలవలేదంటే మా షెడ్డుకు పంపు అన్నా. బేగం చెప్తది."

"నా నంబరు కోసం మీ ఇంటికెందుకు రావాలి?"

"జర ఓపిక పట్టు. ఏప్రిల్ దాటనీ. ఆ తర్వాత నీ ఇష్టమొచ్చినట్టు రాస్త. ముఫ్త్‌ల, పైస తీస్కోకుంట రాస్త."

ఏప్రిల్ దాటితే ఏమవుతుందో మాత్రం చెప్పలేదు.

అప్పుడే మక్కజొన్న విత్తనాల కంపెనీ మనిషి అనిల్‌కుమార్ వచ్చాడు. బూర్గంపాడు నుంచి చండ్రుగొండ దాకా రోడ్డు పక్క గోడలన్నిటి మీదా కంపెనీ ప్రకటన రాయించాలట. పాషాకు ఏడాది పొడుగునా ఇంత పని ఎప్పుడూ దొరకలేదు. మురళీకృష్ణ అతని పేరు చెప్పి, తన గోదాం గోడ మీదే నమూనా రాయించాడు. పచ్చటి కంకి ముచ్చటగా వచ్చింది. దాని కింద "ఎకరానికి 3 × 10¹ క్వింటాళ్లు" అని ఉంది.

అటు వెళ్తున్న ఒక ముసలి రైతు ఆగి చదివాడు. "మూడు క్వింటాళ్లకు ఈ ఇత్తనం ఎవడు కొంటడు? మా చేన్ల అడవిపందులు తిని ఇడిచిపెట్టిందే గంతకన్న ఎక్కువుంటది" అని తన దారిన పోయాడు.

అనిల్‌కుమార్ ముఖం మాడిపోయింది. "ఈయన మామూలుగా రాస్తే గోడలన్నీ ఈయనకే సార్. లేకపోతే ఫ్లెక్సీలు కొట్టించుకుంటా. నాకు ఈ వారంలో కావాలి" అన్నాడు.

మురళీకృష్ణ పాషాను పక్కకు లాక్కెళ్లాడు. "ఆ మూడు పక్కన ఒక్క సున్నా పెట్టు భాయ్. చాలు. సంవత్సరం పని."

పాషా కంకి వైపు చూశాడు, షెడ్డు వైపు చూశాడు. అక్కడ బేగం ఎవరో ముసలాయనకు వేలితో గాల్లో చుక్కలు పెట్టి ఏదో చెబుతోంది.

"మే నెల దాక ఆగుతరేమో అడుగన్నా."

"ఆగరు."

"అయితే నసీబ్‌ల లేదనుకుంట" అన్నాడు పాషా, కుంచెను కిరసనాయిల్లో ముంచి తుడుచుకుంటూ.

ఆ రాత్రి మురళీకృష్ణ అన్నం తింటూ జరిగినదంతా ఇంట్లో చెప్పాడు. చేతికొచ్చిన పనిని కాలితో తన్నుకున్నాడంటే ఇది తిక్క కాదు, రోగమే. అతని భార్య హైమ కూడా అదే అంది. "నిచ్చెన మీద నుంచి పడి తలకు దెబ్బ తగిలించుకున్నాడేమో. ఖమ్మం తీసుకెళ్లి మంచి డాక్టరుకు చూపించండి." మురళీకృష్ణ ఖమ్మంలో ఒక మెదడు డాక్టరు దగ్గర టైము కూడా తీసుకున్నాడు. పాషాను ఏదో మిషతో కారెక్కించుకుపోదామని ఆ పొద్దున వెళ్తే షెడ్డుకు తాళం ఉంది.

"ఇద్దరూ భద్రాచలం బస్సెక్కిండ్రు" అన్నాడు గోపాలు. "బేగం వదినె ముఖం జర అదోలాగుండె."

మురళీకృష్ణ ఊహించేసుకున్నాడు. రోగం సంగతి వాళ్లకే తెలిసి దవాఖానాకు పోయి ఉంటారు. బండి తీసి గోదావరి వంతెన దాటి, దవాఖానాలన్నీ వెతికాడు. ఎక్కడా లేరు. తిరిగి వస్తుంటే ఒక బడి గేటు బయట, గోడ నీడలో పాషా కనిపించాడు. ఇస్త్రీ చేసిన తెల్ల లాల్చీ, భుజానికి ఆడవాళ్ల హ్యాండ్‌బ్యాగు, ఒక చేతిలో గొడుగు, ఇంకో చేతిలో ఆడవాళ్ల చెప్పులు.

మురళీకృష్ణ మెల్లగా దగ్గరికెళ్లి, పసిపిల్లాడితో మాట్లాడినట్టు అడిగాడు. "భాయ్, డాక్టరు ఏమన్నాడు?"

"ఏ డాక్టరు?"

"మరి ఇక్కడేం చేస్తున్నావు?"

పాషా అటూ ఇటూ చూసి గొంతు తగ్గించాడు. "లోపల బేగం పరీక్ష రాస్తుంది అన్నా. ఓపెన్ టెన్త్. ఇయ్యాల లెక్కలు."

మురళీకృష్ణ గోడకు ఆనుకున్నాడు. పాషా చెప్పుకుపోయాడు. బేగం ఏడో తరగతిలో బడి మానేసింది. ఆయాగా ఇన్నేళ్లు చేసింది, పదో తరగతి ఉంటే అంగన్‌వాడీ టీచరు కావొచ్చు. పోయినసారి అన్నీ పాసయి లెక్కల్లో పోయింది. ఇంటికొచ్చి, సున్నాలు ఎక్కువున్న అంకె చూస్తే కళ్లు తిరుగుతున్నాయని, చుక్క ఎటు జరపాలో తెలియలేదని ఏడ్చింది. మళ్లీ పుస్తకం ముట్టనంది.

"ఈ వయసుల పుస్తకం పట్టుకుంటే సెంటర్ల అందరు నవ్వుతరని సిగ్గు ఆమెకు. నవ్వేదేదో నన్ను చూసి నవ్వనీ అనుకున్న. నేను రాసుకుంట పోయిన. అర్థం అడిగినోళ్లందర్ని ఆమె దగ్గరికి పంపిన. ఊరంత అడుగుతుంటే చెప్పకుంట ఎట్లుంటది? పుస్తకం ముట్టకుంటనే లెక్క వచ్చింది. మీరంత ఆమెకు ట్యూషన్ చెప్పిండ్రన్నా. మీకే ఎరుక లేదు."

"మరి ఆ మక్కజొన్న గోడలు?"

"సున్నాలు పెట్టి రాస్తే ఆమె చూస్తది గద. గింత దూరం తెచ్చినంక మల్ల భయపడితే?"

ఖమ్మం డాక్టరు సంగతి మాత్రం చెప్పకూడదని మురళీకృష్ణ నిశ్చయించుకున్నాడు.

గంట కొట్టారు. జనం బయటికి వస్తుంటే పాషా చెప్పులు మురళీకృష్ణ చేతిలో పెట్టి, "ఎండల రాసి రాసి వస్తది, నిమ్మకాయ సోడా తెస్త" అని రోడ్డు దాటి పరిగెత్తాడు. బేగం గేటు దగ్గరికి వచ్చి, తన చెప్పులు పట్టుకుని నిలబడ్డ ఎరువుల దుకాణం యజమానిని చూసి కంగారు పడింది. గబగబా చెప్పులు తీసుకుని వేసుకుంది.

"ఆయన చెప్పిండా?"

"అంతా చెప్పాడు భాబీ. ఎలా రాశారు? ఆ పాయింట్ల లెక్క వచ్చిందా?"

బేగం సోడా బండి ఎంత దూరంలో ఉందో చూసుకుంది. "అన్నా, ఒక మాట చెప్త. ఆయనకు చెప్పొద్దు. నాకు ఆ లెక్క కొత్తల్నే వచ్చేసింది. మా అంగన్‌వాడీ ఉదయశ్రీ టీచరమ్మ, పిల్లలు పండుకున్నంక రెండు దినాలు కూసోని చెప్పింది. గంతే."

"దసరా అప్పుడేనా?"

"అవ్. దీపావళి రాకముందే."

"మరి ఈ ఆరు నెలలు? నా ఫోన్? భాయ్ పోగొట్టుకున్న గోడలు?"

"గోడల సంగతి నాకు పోయినంక తెలిసిందన్నా. తెలిస్తే అప్పుడే చెప్పేదాన్ని." ఆమె కొంగుతో ముఖం తుడుచుకుంది. "మిగిలింది ఎట్ల చెప్పాలె? పొద్దున లేస్తే నా కోసం ఏదో ఒక అంకె మోసుకొస్తుండె. నిన్న వంతెన పొడుగు కనుక్కొచ్చిండు. సరిగ్గ రాయనన్న రాదు. మంగీలాల్ బోర్డు మీద పద్నాలుగు ఇంటూ పది పవర్ రెండు అని రాసిండు. చుక్కకు ముందట ఒక్కటే అంకె ఉండాలె గద. ఎవరు లేవకముందు నేనే ఆటోల పోయి దిద్దొచ్చిన."

మురళీకృష్ణకు నవ్వు ఆగలేదు. "అయితే మీకు కష్టమైనదంటూ ఏమీ లేదన్నమాట."

"ఎందుకు లేదు? పోయినసారి గూడ నన్ను ముంచింది ఈ సున్నాలు ఒక్కటే కాదు. త్రికోణాలు. నా పానం తీసేటివి త్రికోణాలే."

"ఆ మాట భాయ్‌కి చెప్పలేదా?"

"చెప్తే ఊరంత త్రికోణాలు గీస్తడన్నా."

పాషా మూడు సోడాలు పట్టుకుని, సగం లాల్చీ మీద ఒలకబోసుకుంటూ వచ్చాడు. బేగం చేతికి ఒకటిచ్చి, ఆమె గుటక వేసేదాకా కూడా ఆగలేదు. "మన లెక్క వచ్చిందా?"

"వచ్చింది. భూమికి సూర్యుడు ఎంత దూరమో సున్నాలతోని ఇచ్చి, శాస్త్రీయ రూపంల రాయమన్నరు. నువ్వు చెప్పకుంటే నాకు ఎట్ల వస్తుండె?"

పాషా మురళీకృష్ణ వైపు తిరిగాడు. ఆ ముఖం చూస్తే పరీక్ష పాసయింది అతనే అనుకుంటారు. "చూసినవా అన్నా. సూర్యున్నే అడిగిండ్రు. ఇంకేమన్న కష్టమైందా బేగం?"

మురళీకృష్ణ సోడా ఒక్క గుక్కలో తాగబోయి, ముక్కులోకి పోయి ఉక్కిరిబిక్కిరయ్యాడు.

"ఏం లేదు. అంత సులువే" అంది బేగం, అతని వీపు మీద తట్టమని భర్తకు సైగ చేస్తూ.

ఫలితాలు వచ్చాయి. బేగం పాసయింది. లెక్కల్లో మార్కులు ఒడ్డున పడ్డానికి సరిపోయాయి, అంతే. త్రికోణాలు తమ పని తాము చేశాయి. తర్వాత అంగన్‌వాడీ టీచరు పోస్టుకు కాగితాలు పెట్టింది. మురళీకృష్ణ అనిల్‌కుమార్‌ను పట్టుకుని, వానాకాలం పత్తి విత్తనాల గోడలు పాషాకు ఇప్పించాడు. ఇప్పుడు అంకెలన్నీ మామూలుగానే ఉంటున్నాయి.

గోపాలు టీ కొట్టు దగ్గర మాత్రం పాషా గొంతు ఒక మెట్టు పెరిగింది. "టీచర్లు చెప్తే రాలె, పుస్తకాలు చదివితే రాలె. నేను చెప్తే వచ్చింది. ఏమంటవు మురళన్నా?"

షెడ్డులో కూర్చున్న బేగం తలెత్తి చూసింది.

"అవ్ భాయ్. నువ్వే నేర్పినవు" అన్నాడు మురళీకృష్ణ.